పది నిమిషాల మీట

ఆ రోజు పది గంటలకు కమిటీ వస్తుంది. పదిన్నరకల్లా ప్రయోగశాలను ఉంచాలో మూసేయాలో తేల్చేస్తుంది. అందుకని కాలం మాస్టారు పొద్దున్నే ఒక పథకం వేసుకున్నారు. ఉపన్యాసం దంచకూడదు, ఎవరితోనూ వాదించకూడదు, మీట నొక్కి చూపించి ఊరుకోవాలి. నిజానికి ఈ పథకం ఆయన భార్యది. చొక్కా గుండీలు పెట్టుకునేలోపు ఆయన దాన్ని తనదిగా చేసేసుకున్నారు.

ముప్పై ఏళ్ళుగా ఆయన చదివిందీ, పాఠం చెప్పిందీ కాలమాయ అనే విద్య ఒక్కటే. కళాశాల వెనకవైపు రెండు గదుల్లో, వాన వస్తే మూడు బకెట్లు పెట్టుకుంటూ, ఆరేళ్ళ కిందట తన యంత్రాన్ని పూర్తిచేశారు. చూడటానికి కుట్టుమిషనంత ఉంటుంది. మీట నొక్కితే లోకం పది నిమిషాలు వెనక్కి పోతుంది. అయితే నొక్కినవాళ్ళకు తప్ప, జరిగింది ఇంకెవరికీ గుర్తుండదు. ఆ గదులు పోతే మాస్టారికి మిగిలేది పడక్కుర్చీ ఒక్కటే.

కమిటీ అంటే ముగ్గురు: అధ్యక్షుడు, లాయరమ్మ, రిటైరైన ఇంజనీరు. మాస్టారి భార్య వాళ్ళకు టీ అందించి తలుపు దగ్గర నిలబడింది. వాళ్ళు టీ తాగడం పూర్తయ్యాక, పదీ పదికి, మాస్టారు మీట నొక్కారు. మళ్ళీ పది గంటలైంది.

"చూశారుగా, నొక్కేశాను!" అన్నారు మాస్టారు.

"ఎప్పుడు?"

"ఇందాకే. మీరు టీ తాగేశాక."

అధ్యక్షుడు నిండుగా ఉన్న తన కప్పులోకి చూసుకున్నాడు. "మేం ఇప్పుడే కదండీ కూర్చున్నాం!"

"మీరు కూర్చోవడం ఇది రెండోసారండీ."

పథకం గాలికి పోయింది. మాస్టారు ఉపన్యాసం అందుకున్నారు. వినీ వినీ విసిగిపోయిన అధ్యక్షుడు, "ఇలా జరగండి, నేనే నొక్కుతాను" అని నొక్కాడు.

"అద్భుతం! తాగిన టీ మళ్ళీ కప్పులోకి వచ్చేసింది!" అంటూ లేచి మాస్టారిని కావలించుకున్నాడు. ఇంకా నమస్కారం చెప్పడం కూడా పూర్తికాని మాస్టారు బిత్తరపోయారు. అధ్యక్షుడు ఒక్క గుక్కైనా తాగలేదని లాయరమ్మ కళ్ళారా చూసింది. "అధ్యక్షులవారికి ఒంట్లో బాగున్నట్టు లేదు" అంది ఇంజనీరుతో మెల్లగా.

సంగతేమిటో తేల్చుదామని ఆవిడ నొక్కింది. ఇప్పుడు ఆవిడకు నమ్మకం కుదిరింది, అధ్యక్షుడికి పోయింది. తను కావలించుకున్న విషయమే ఆయనకు గుర్తులేదు. "ఏమిటమ్మా, వచ్చీ రాగానే ఈ సంబరం?" అని విసుక్కున్నాడు. ఆ తరవాత ఇంజనీరు, జరిగిందంతా నోటు పుస్తకంలో రాసుకుని మరీ నొక్కాడు. ఆ రాతలు కూడా వెనక్కి పోయి కాగితం తెల్లబోయింది. గదిలో ఎప్పుడు చూసినా ఒక్కరే నమ్ముతున్నారు, మిగతా ఇద్దరూ ఆ ఒక్కరిని జాలిగా చూస్తున్నారు. మాస్టారి పాట్లు మరీ అన్యాయం. ప్రతిసారీ ఉపన్యాసాన్ని మొదటి వాక్యం నుంచి ఎత్తుకుంటున్నారు, అదీ కొత్త ఉత్సాహంతో. ఇవన్నీ గుర్తున్నది కథ చెప్పేవాళ్ళకే.

మళ్ళీ పది గంటలైంది. ఈసారి మాస్టారి భార్య టీ అందించి తలుపు దగ్గరికి వెళ్ళలేదు.

"ముందు టీ తాగేయండి. పదీ పదికి అందరూ కలిసి మీట మీద చేతులెయ్యండి. ఒక్కొక్కరే నొక్కితే ఒక్కరికే గుర్తుంటుంది, మిగతావాళ్ళు పిచ్చివాళ్ళంటారు. ఏవండీ, మీరూ రండి."

కమిటీవి మూడు చేతులు, మాస్టారిది ఒకటి, ఆవిడది ఒకటి. ఐదూ కలిసి మీట నొక్కాయి. ఖాళీ అయిన కప్పులు మళ్ళీ పొగలు కక్కుతూ నిండుగా కనిపించాయి. నమ్మనివాళ్ళు గదిలో ఎవరూ మిగల్లేదు. అధ్యక్షుడు అదే టీ రెండోసారి తాగి, ప్రయోగశాల ఉండాల్సిందేనని సంతకం పెట్టాడు. మిగతా ఇద్దరూ పెట్టారు. ముగ్గురూ మాస్టారికి చేతులు జోడించి వెళ్ళారు.

"ముప్పై ఏళ్ళు ఇందులోనే మునిగి ఉన్న నాకు తట్టలేదు. నీకెలా తట్టిందోయ్?" అన్నారు మాస్టారు.

"తట్టడమేముందండీ? ఇందాక ఇంజనీరుగారొక్కరే నమ్మారు. ఇద్దరిది పైచేయి అని పదీ ఎనిమిదికల్లా మూసేయమని రాసిచ్చి వెళ్ళిపోయారు. మీరేమో ఈ కుర్చీలో కూలబడి గోడకేసి చూస్తూ ఉండిపోయారు. చూడలేక నొక్కాను."

మాస్టారు మీటకేసి చూశారు. ఆయనకు ఒక అనుమానం వచ్చింది.

"ఇంతకు ముందు కూడా నొక్కావా?"

"అప్పుడప్పుడు."

ఆరేళ్ళుగా తన చేతిలోంచి ఒక్క గాజు గొట్టమైనా జారిపడలేదని ఆయనకు లోలోపల మహా గర్వం. "నేను నిన్ను ఏనాడూ కసురుకోలేదు కదా?" అన్నారు బెరుగ్గా.

"రెండోసారి ఎప్పుడూ కసురుకోలేదండీ."

మాస్టారి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. తన మంచితనం అనుకున్నదాంట్లో సగం ఈవిడ చేతి చలవేనని అర్థమైంది. ఆమె చేతులు రెండూ పట్టుకున్నారు. "నువ్వు లేకపోతే నేనూ లేను, ఈ కాలమాయా లేదు. నీ మేలు జన్మలో మరిచిపోను" అన్నారు.

ఆవిడ కొంగుతో కళ్ళు తుడుచుకుంది. కప్పులు ట్రేలో సర్దుకుని, వెళ్తూ వెళ్తూ మీట మీద చేయి వేసింది.

పెళ్ళయిన ఇరవై ఎనిమిదేళ్ళకు మాస్టారు ఆ మాట మొట్టమొదటిసారిగా అన్నారు, ఆ ఒక్క పూటే తొమ్మిదిసార్లు.