గొలుసుపాట పుట్టుక

ఈ గొలుసుపాట నిద్ర రాకుండా ఉండటానికే పుట్టింది, ఇంకెందుకు పుడుతుంది, అనుకుంటూ పరిశోధకుడు గడ్డం ఒకవైపు గీసుకుని ఆగాడు. పిల్లలు వరసలుగా విడిపోయి పాడే పాట అది. మొదటి వరస రెండో చరణానికి వెళ్లగానే రెండో వరస మొదటి చరణం అందుకుంటుంది, తర్వాత మూడో వరస. ఎక్కడా తెగదు. కోటగోడ మీద కాపలావాళ్లు ఒకరినొకరు మేలుకొలుపుకోవడానికి కట్టుకున్నది కాక మరేమిటి? అద్దంలోని నురగముఖం ఒప్పుకుంది. ఇక ఒప్పుకోవాల్సింది ప్రొఫెసర్ ఒక్కడే. ఈరోజు ఆయన కాదంటే పరిశోధన అటకెక్కినట్టే.

భార్య డ్యూటీకి వెళ్లిపోవడంతో పాపను ఎత్తుకుని అత్తగారు కూడా, ప్రొఫెసర్‌కి పాట వినిపించబోయే బడికి అతనితో బయల్దేరింది.

"పగలు కన్ను మూయదు మీ కూతురు. నా నడుం పట్టేసింది."

"మంచిదే అత్తయ్యా, పాట వింటుంది."

"కాపలా ఉద్యోగానికి పనికొస్తుందిలెండి."

బడి హాల్లో పాటల టీచరు పిల్లల్ని నాలుగు వరసలుగా నిలబెట్టింది. ప్రొఫెసర్ ముందు కుర్చీలో చేతులు కట్టుకుని, "కాగితం మీద ఎవరైనా రాస్తారయ్యా. వినిపించు, చూద్దాం" అన్నాడు. అత్తగారు ఆయన పక్కన కూర్చుంది.

పాట కిటికీలు అదిరేలా మొదలైంది. పరిశోధకుడి ఛాతీ రెండంగుళాలు పెరిగింది. కాసేపటికి టీచరు వైపు చూశాడు. ఆమె అతని వైపే చూస్తోంది. ఆపమని అతను చెబుతాడని ఆమె, ఆమె చెబుతుందని అతను. ఆగేచోటు ఎవరూ అనుకోలేదు.

ఇక చాలన్నట్టు అరచేతులు కిందికి దించాడు. ఆ బడిలో దానికి అర్థం మెల్లగా పాడమని. గొంతులు తగ్గాయి. కంగారుగా ఇంకా దించాడు. పాట నత్తనడక పట్టింది. చివరికి పెదాల మీద వేలు పెట్టాడు. పిల్లలంతా నోళ్లు మూసుకుని కూనిరాగం అందుకున్నారు.

"ఎంత చక్కగా నడిపిస్తున్నారు సార్" అంది టీచరు, గుసగుసగా.

"ఆపించండి టీచర్."

"ఇంత కుదిరాక ఎందుకు సార్?"

వెనకనుంచి అత్తగారి గొంతు వినిపించింది. "అల్లుడుగారూ, కాపలావాళ్లు ఒరిగిపోయారు."

తిరిగి చూశాడు. పాప ఆమె భుజం మీద నోరు తెరిచి నిద్రపోతోంది. పక్కన ప్రొఫెసర్ తల వెనక్కి వాలింది. సన్నగా గురక.

అంతలో గంట కొట్టారు. పాట టక్కున తెగింది. పాప కళ్లు తెరిచి ఏడుపుముఖం పెట్టింది. ప్రొఫెసర్ ఒక కన్ను తెరిచాడు.

"జోల పాడుతూ మధ్యలో ఆపేస్తారేమయ్యా?"

"సార్, అది కాపలావాళ్ల..."

"జోల. అలా రాసుకురా, ఒప్పుకుంటాను." కన్ను మూసుకుంది.

పరిశోధకుడి మనసు గోడమీది కాపలావాళ్లను ఒక్కొక్కరినీ దించి ఇళ్లకు పంపేసింది. ఖాళీ అయిన చోట ఒక గది, ఒక ఉయ్యాల, పాడి పాడి గొంతు పోయిన తల్లి. ఆమె ఆపితే బిడ్డ లేస్తుంది. అందుకే ఆపేలోగా అక్క అందుకుంది, అక్క అలిసేలోగా అత్త. తెగని పాట ఎవరికి కావాలి? ఆపడానికి భయపడేవాళ్లకి. ఈ సంగతి తనకు మొదటినుంచీ తెలుసని అతనికి అప్పుడే గట్టిగా అనిపించసాగింది.

పిల్లలు బిలబిలమంటూ తలుపు వైపు కదిలారు. పాప ఏడుపుకి గొంతు సవరించుకుంటోంది. అత్తగారు అల్లుడి వైపు చూసింది. ఆ చూపులో 'గారు' లేదు.

నలుగురిలో ఎన్నడూ గొంతు విప్పనివాడు, పాప, ప్రొఫెసర్ల ముందు గొంతుక్కూర్చుని, మొదటి చరణం సన్నగా అందుకున్నాడు.

శ్రుతి కుదరలేదు గానీ, తప్పుపట్టగలిగినవాళ్లు ఇద్దరూ నిద్రపోయారు.