ప్రశాంత వీధి

మా ఆయనలో రెండు లోపాలున్నాయి. సాయంత్రమైతే ఇంట్లో నిలవరు. తప్పు చేస్తే ఒప్పుకోరు. డ్రాయింగు మాస్టారుగా పిల్లల బొమ్మలు దిద్దీ దిద్దీ, తప్పులనేవి ఇతరులే చేస్తారన్న నిర్ణయానికి వచ్చి రిటైరయ్యారు.

మొదటి లోపాన్ని సరిచేయడానికి ప్రభుత్వమే పూనుకుంది. మంత్రిగారు నరసరావుపేట విచ్చేసి, మా వీధిలో పెట్టిన స్పీకరు కెమెరాకు కొబ్బరికాయ కొట్టి, "పల్నాడులో శాంతి ఇక లైవ్‌లో కనపడుద్ది" అని ప్రకటించారు. ఎస్సైగారు దాన్ని మాకు అర్థమయ్యేలా చెప్పారు: "చీకటిపడ్డాక నలుగురు ఒకచోట చేరితే బైండోవరు కేసే. ఎవరి అరుగు మీద వాళ్లు కూర్చోండి."

ఆ దెబ్బకు, మా ఆయన సాయంత్రాలు గడిపే సత్తార్ భాయ్ టీకొట్టు కెమెరాకు కనపడని వెనక సందులోకి మారింది. మా ఆయన కొన్నాళ్లు అరుగు మీద కూర్చుని నా వంటకు వంకలు పెట్టారు. తర్వాత రంగుల డబ్బాలు దించి, అరుగు వెనక గోడ మీద తన బొమ్మ తానే వేసుకున్నారు. పడక్కుర్చీ, బనీను, చేతిలో పేపరు. బొజ్జ కాస్త తగ్గించారు. కళాకారుడికి ఆ మాత్రం స్వేచ్ఛ ఉండాలి.

"ఏమే, నేను ఇంట్లోనే ఉన్నా" అని చెప్పి, దొడ్డిగుమ్మం గుండా టీకొట్టుకు వెళ్లిపోయారు.

మర్నాడే పక్కింటి యశోద వదిన వచ్చింది. "అన్నయ్యగారూ, మా ఆయన్ని కూడా కూర్చోబెట్టండి. మీసం పెద్దది పెట్టండి, సొంతంగా చానా ప్రయత్నించాడు, రాలేదు."

కొద్దిరోజుల్లో వీధిలో మగవాళ్లంతా గోడల మీద కూర్చున్నారు, టీకొట్టులో మాట్లాడుకున్నారు. కంట్రోల్ రూమువాళ్లు మా క్రమశిక్షణకు పులకించిపోయారు. జిల్లాకే ప్రశాంత వీధి అని టీవీలో చెప్పి, అభినందించడానికి మంత్రిగారే స్క్రీను ముందు కూర్చున్నారు.

"మాస్టారూ, నమస్కారం! మంత్రిని మాట్లాడుతున్నా" అంది స్పీకరు.

మాస్టారు పేపరు చదువుతున్నారు.

"మాస్టారూ!"

పేజీ కూడా తిప్పలేదు.

"ఏందయ్యా ఈయన పొగరు? లేవడే!"

లోపల గోంగూర వలుస్తున్న నాకు అంతా వినపడుతూనే ఉంది. కానీ పలకరించింది ఆయన్ని. మధ్యలో నేనెందుకు?

కాసేపటికి జీపొచ్చింది. చేతిలో గోంగూర కట్టతోనే గుమ్మంలోకి వచ్చాను. "మంత్రిగారికే లేవడా? ఎక్కించండి!" అన్నారు ఎస్సైగారు. కానిస్టేబులు వెళ్లి మాస్టారి భుజం పట్టుకున్నాడు. చేతికి సున్నం అంటింది.

అదే సమయానికి అసలు మాస్టారు దొడ్డిగుమ్మంలోంచి వచ్చారు. ఎస్సైగారు ఆయన్నీ, గోడనీ మార్చి మార్చి చూసి గొంతు తగ్గించారు.

"టీవీలో కూడా చెప్పేశాం మాస్టారూ. ఇది బొమ్మని తెలిస్తే నా ఉద్యోగం పోద్ది, మీకు బైండోవరు పడుద్ది. ఇప్పుడు మంత్రిగారికి ఏం చెప్పమంటారు? తప్పెవరిదో మీరే చెప్పండి."

మా ఆయన రెండడుగులు వెనక్కి వేసి, తల పక్కకు వంచి, బొమ్మను పరీక్షగా చూశారు.

"తప్పు నాదే" అన్నారు. నా చేతిలో గోంగూర కట్ట జారిపోయింది.

"చేతులు జోడించి నిలబడ్డట్టు వెయ్యాల్సింది."