నురగలాయన లైసెన్సు

పదింటికి లైసెన్సు ఇన్‌స్పెక్టరు వచ్చేసరికి తన లాండ్రీలో ఒక్క బుడగ కూడా కనిపించకూడదు. పొద్దున్నే పళ్లు తోముకుంటూ లాండ్రీ యజమాని చేసుకున్న గట్టి నిర్ణయం ఇది. వీధివాళ్లు ఆయన్ను నురగలాయన అంటారు. ఆయన గొట్టంలోంచి సబ్బునురగ కాలువలోకి పొంగుతోందనీ, మొక్కలు మాడిపోతున్నాయనీ, లైసెన్సు పొడిగించవద్దనీ నలభై ఇళ్లవాళ్లు అర్జీ పెట్టారు. అందులో అబద్ధం ఒక్కటీ లేదు. అదే ఆయన బాధ. పాత లైసెన్సు ఆ సాయంత్రంతో సరి. కొత్తది రాకపోతే పదహారేళ్ల కొట్టుకు తాళమే.

"మిషన్లన్నీ ఆపెయ్. సబ్బుపొడి ఎక్కడా కంటబడకూడదు" అని బావమరిదికి చెప్పాడు.

ఒక పని చెబితే నాలుగు కలిపి చేసే రకం బావమరిది. పొడి బస్తాలు నాలుగూ విప్పి పెద్ద మిషన్లో కుమ్మరించి మూత బిగించాడు. అడక్కుండానే షట్టరు దించి లోపలినుంచి తాళం కూడా వేశాడు. నురగలాయన, భార్య, బావమరిది ముగ్గురూ చీకట్లో ఊపిరి బిగబట్టి కూర్చున్నారు.

"ఏమండీ, ఇవాళ గురువారం కదూ?" అంది భార్య మెల్లిగా.

"అయితే ఏంటట?"

"బట్టలిచ్చే రోజండీ!"

నురగలాయన నెత్తిన చెయ్యి పెట్టుకున్నాడు. అర్జీ పెట్టిన నలభై ఇళ్ల బట్టలూ ఆయన అరల్లోనే ఉన్నాయి. ఇన్‌స్పెక్టరు ఎదుట హుందాగా నిలబడి అభ్యంతరం చెప్పాలని అందరూ ఉన్నవాటిలో మంచివే ఉతుక్కి వేశారు మరి.

మొదట వచ్చింది వీధి సంఘం అధ్యక్షుడు, రిటైరైన హెడ్‌మాస్టరు. దించిన షట్టరు చూసి ఆయన గొంతెత్తారు. వీధంతా దద్దరిల్లింది.

"ఉడాయించాడర్రా! మన బట్టలతో సహా ఉడాయించాడు!"

అయిదు నిమిషాల్లో నలభై ఇళ్లూ అక్కడ దిగాయి. మాస్టారు నిద్ర పైజామాలోనే ఉన్నారు. ఒకాయన ఎర్రటి ఎండలో వానకోటు తొడుక్కుని వచ్చాడు. బట్టలు ఇంకా లోపలే ఉన్నాయేమోనని ఎవరో అన్నారు.

"తెరవాలి! ఇప్పుడే తెరవాలి!"

సరిగ్గా అప్పుడే ఇన్‌స్పెక్టరు స్కూటరు దిగాడు. ఆ జనాన్ని చూసి బిత్తరపోయాడు.

"ఏం కావాలి మీకు?"

"కొట్టు తెరవాలి సార్!"

"మూస్తే?"

"ఊరుకుంటామా!"

"అందరిదీ ఇదే మాటా?"

"అందరిదీ!"

ఇన్‌స్పెక్టరు బుర్ర గోక్కున్నాడు. సంచిలోంచి స్థానికుల అభిప్రాయం రాసుకునే కాగితం తీసి, 'కొట్టు ఉండాల్సిందే' అని రాసి స్కూటరు సీటు మీద పరిచాడు. "అయితే సంతకాలు పెట్టండి" అన్నాడు.

ఆ లాండ్రీలో సంతకం పెడితేగానీ బట్టలివ్వరు. పదహారేళ్ల అలవాటు. కాగితం చదవాలన్న ఆలోచనే ఎవరికీ రాలేదు. మాస్టారు అందర్నీ వరుసలో నిలబెట్టి, ఇంటి నంబరుతో సహా తొలి సంతకం తానే పెట్టారు. చివరి సంతకం పడగానే ఇన్‌స్పెక్టరు ఠపీమని స్టాంపు కొట్టాడు.

లోపల నురగలాయన బావమరిది భుజం పట్టి కుదిపాడు.

"కొట్టు పీకేసేలా ఉన్నారే! ఒరేయ్, ఏం జరుగుతోందో చూడు!"

బావమరిది పెట్టె మీదికెక్కి, షట్టరు సందులోంచి చూడబోయి తూలాడు. పట్టుకోసం గోడ తడిమితే చేతికి దొరికింది పెద్ద మిషన్ మీట. నీళ్లు పడి నాలుగు బస్తాల పొడి ఒక్కసారిగా గిరగిరా తిరిగింది. మూత ఎగిరింది. తెల్లటి నురగ ముగ్గుర్నీ నడుముదాకా ముంచేసరికి, ప్రాణం దక్కితే చాలనుకుని నురగలాయన షట్టరు లేపేశాడు.

నురగ వీధిలోకి పొంగి ఇన్‌స్పెక్టరు స్కూటరు కనిపించకుండా పోయింది. నలభై ఇళ్లవాళ్లూ బట్టల కోసం నురగలోకి దూకారు. ఎవరి చొక్కా ఎవరి చేతికొచ్చిందో తెలియదు.

"చూశారా సార్!" అన్నారు మాస్టారు, కనుబొమల మీది నురగ తుడుచుకుంటూ. "ఇందుకే లైసెన్సు ఇవ్వద్దన్నాం!"

"ఇవ్వమని మీరేగా సంతకం పెట్టారు? మొదటి పేరు మీదే."

"అయ్యో, అది బట్టల కోసమండీ!"

"స్టాంపు పడిపోయింది మాస్టారూ, వెనక్కి తీసుకునే పద్ధతి లేదు." ఇన్‌స్పెక్టరు నురగలో స్కూటరు కోసం తడుముకున్నాడు. "ఏడాదికే ఇస్తున్నాను. నెల తిరక్కుండా నురగను ఆపే తొట్టి కట్టాలి. రోజూ దగ్గరుండి చూసే పూచీ మొదటి సంతకం చేసినవారిది."

నురగలాయన ఆనందం పట్టలేక భార్య చేతులు పట్టుకుని ఏడ్చేశాడు. తొట్టి ఒకటి కాదు, రెండు కడతానన్నాడు.

మర్నాడు ఆరున్నరకల్లా మాస్టారు మడతకుర్చీతో సహా కొట్టుకు వచ్చేశారు.