ట్రాము ఆపిన నిర్మాత

"సినిమాకి మాటే ప్రాణం! రచయిత రాసిన మాట మార్చేవాడు హంతకుడు! నా కంపెనీలో కామా కూడా కదలదు!"

రోములో ఓ ఖరీదైన కాఫీ హోటల్లో విలేకరులను కూర్చోబెట్టి ఒత్తావియో పంకాల్ది ఈ శపథం చేశాడు. అరవైల నాటి సంగతి. ఆయన నిన్నటిదాకా స్క్రీన్‌ప్లే రచయిత, ఇవాళ్టి నుంచి నిర్మాత. ఏళ్ల తరబడి నిర్మాతల గడపలు అరగదీసినవాడు కదా, విలేకరులు కళ్లొత్తుకున్నారు. పైగా కాఫీ కూడా ఆయనదే.

పక్కనున్న లెయార్కో మాత్రం నిజంగానే ఏడ్చాడు. ఇద్దరూ ఒకే బల్ల మీద సంభాషణలు రాసి, ఒకే సిగరెట్టు పంచుకున్నవాళ్లు. కొత్త సినిమాకి కథ లెయార్కోదే. ట్రాము నడిపి బతికిన వాళ్ల నాన్న కథ. కన్నుమూసే ముందు ఆయనన్న మాటలు చివరి సీన్లో ఉన్నాయి. ఆ సమయానికి అమ్మ మందుల కోసం వెళ్లింది, వాటిని వినలేదు. తనే చెబుదామని వెళ్లినప్పుడల్లా లెయార్కో ఎండావానల గురించి మాట్లాడి వచ్చేసేవాడు. కనీసం తెర మీదైనా అమ్మకి వినిపించాలని ఆశ.

"అమ్మని ముందు వరసలో కూర్చోబెడతానురా," అన్నాడు పంకాల్ది.

షూటింగు మొదలైంది. హీరో జర్మన్. ఇటాలియన్ ఒక్క ముక్క రాదు. అయితేనేం! మా రోములో కెమెరా ముందు ఎవడేం వాగినా చెల్లుతుంది, గొంతు తర్వాత ఇంకొకడిది అతికిస్తారు. కనుక చావు మంచం మీది తండ్రి కన్నీళ్లు కారుస్తూ "పదకొండు, పన్నెండు, పదమూడు..." అని జర్మన్‌లో అంకెలు అప్పజెప్పాడు. లైట్లు పట్టుకున్నవాళ్లు సైతం ముక్కులు చీదారు!

డిస్ట్రిబ్యూటర్ చూసి పెదవి విరిచాడు. "చావు చూడ్డానికి టికెట్టెవడు కొంటాడండీ? నవ్వించండి!"

పంకాల్ది తీవ్రంగా మథనపడ్డాడు, చేతిలో కాఫీ చల్లారేదాకా. మర్నాడు డబ్బింగులో చావు మంచం మీది తండ్రి పెళ్లాన్ని కసిరాడు: "బోటీకూరలో ఉప్పేదే, రాక్షసీ!" పెదవుల కదలికకి చక్కగా అతికింది.

లెయార్కో నిర్ఘాంతపోయాడు. "ఒరేయ్, ఇదేంట్రా?"

"కామా కదిలిందా, చెప్పు! నువ్వు రాసింది రాసినట్టే బీరువాలో భద్రంగా ఉంది. నేను మార్చింది శబ్దం మాత్రమే."

"మా అమ్మకేం చెప్పను?"

"నవ్వమను. ఒంటికి మంచిది."

సినిమా విరగబడి ఆడింది. ఉత్తమ సంభాషణల బహుమతి పంకాల్దికే వచ్చింది. వేదికెక్కి మాట పవిత్రత మీద మహోపన్యాసం దంచాడు. న్యూస్‌రీలు వాళ్లు దాన్ని శుభ్రంగా తీశారు, అలవాటు ప్రకారం శబ్దం లేకుండా. ఇప్పుడా పెదవులకి సరిపడే మాటలు రాసిపెట్టే మనిషి కావాలి. లెయార్కోని పిలిచారు.

"ఏదో ఒకటి రాసి పడెయ్యవయ్యా. ఆయనేం మాట్లాడాడో మాకెవరికీ గుర్తులేదు."

లెయార్కో మూగ బొమ్మని పదే పదే చూశాడు. పంకాల్ది నోరు అబద్ధం చెప్పకుండా కదలడం చూడటం తనకదే మొదలు! కలం తీశాడు.

ఆదివారం పెద్ద హాల్లో సినిమాకి ముందు ఆ న్యూస్‌రీలు వేశారు. పంకాల్ది తన భార్య ఓర్తెన్సియాతో ముందు వరసలో కూర్చున్నాడు. ఇన్నాళ్లూ సాకులు చెప్పి అమ్మని సినిమాకి తేని లెయార్కో, న్యూస్‌రీలు అవగానే లేచి వెళ్లిపోదామని ఆవిడని వెనక వరసలో కూర్చోబెట్టాడు.

తెర మీద పంకాల్ది బహుమతిని గుండెకి హత్తుకుని, ఎవరిదో గంభీరమైన గొంతుతో పలికాడు:

"ట్రాము ఎవరికోసమూ ఆగకూడదన్నారు. స్టాపు లేకపోయినా జెల్మీరా గుమ్మం ముందు నేను రోజూ ఆపాను. జరిమానా కట్టాను. మళ్లీ పుట్టినా మళ్లీ ఆపుతాను."

పంకాల్ది ఎగిరి లేచాడు. "నేనది..."

అప్పటికే హాలంతా చప్పట్లు! అనలేదని చెబితే, పెదవులొకరివి, మాటలింకొకరివి అని ఊరందరి ముందూ ఒప్పుకోవాలి. ఆ తర్వాత బహుమతి గతేం కాను? కనుక గుండె మీద చెయ్యేసుకుని వంగి దండం పెట్టాడు.

"ప్రతి మాటా నాదే!"

చప్పట్లు సద్దుమణిగాయి. ఓర్తెన్సియా లేచి నిలబడింది.

"ఏవండీ, ఎవర్తండీ ఆ జెల్మీరా?"

మాటే ప్రాణమైన మనిషి, ఎవరైనా మాట అందిస్తారేమోనని తెర వంక చూశాడు. జనం మెడలు చాచి చూస్తున్నారు. వెనక వరసలో, నల్ల శాలువా కప్పుకున్న ముసలావిడ కళ్లు తుడుచుకుంటూ లేచింది.

"నేనేనమ్మా," అంది సిగ్గుపడుతూ.