నాలుగు నిమిషాల డ్రమ్ముల కేసు

"నా కంటపడకుండా తప్పించుకునే నేరస్థుడు ఇంకా పుట్టలేదు. పుట్టినా, పాకే వయసులోనే పట్టేస్తాను" అని ప్రకటించి, భూతద్దం అని అందరూ పిలిచే మనిషి ఖాళీ రికార్డు కవరు మీదికి వంగాడు. తపాలా ఆఫీసులో ముద్రలు కొట్టే ఉద్యోగం కన్నా అపరాధ పరిశోధన మీదే మోజు ఎక్కువ కాబట్టి ఆయనకా పేరు. పళ్ళ డాక్టరుకు స్వయానా బావమరిది. కాపురం ఆ డాక్టరు ఇంటి మేడమీదే.

డాక్టరు ప్రాణమంతా ఆ కవరులో ఉండాల్సిన రికార్డే. నలభై ఏళ్ల కిందట ఒక రాక్ బ్యాండు కచేరీలో స్పీకర్లు మూగబోతే, డ్రమ్మరు ఒక్కడే నాలుగు నిమిషాలు వాయించి జనాన్ని కదలనివ్వలేదు. ఆ కచేరీని లైవ్ రికార్డుగా తెచ్చి, తర్వాతి ముద్రణల్లో మాత్రం ఆ ముక్క కోసేశారు. అందుకే మొదటి ముద్రణంటే సేకరించేవాళ్లు పడి చస్తారు. చిత్రమేమిటంటే డ్రమ్మరు దగ్గరే అది లేదు. పంటినొప్పితో వచ్చి ఆ సంగతి చెప్పుకుంటే, ఐదింటికి వచ్చి వినమని డాక్టరు మాటిచ్చాడు. ఇప్పుడు నాలుగున్నర.

"లైవ్ రికార్డు పోతే దొంగతనం అనరు బావా, కిడ్నాపు అంటారు" అన్నాడు భూతద్దం.

పళ్ళ డాక్టరు తన పళ్ళు తనే నూరుకున్నాడు. అడక్కుండా రికార్డులు పట్టుకెళ్లి గీతలతో తిరిగిచ్చే ఈ బావమరిదికి భయపడే, ఆయన ఆ రికార్డును నెలకో వేరే కవరులో దాస్తుంటాడు. ఈ నెల ఎందులో పెట్టాడో మరిచిపోయాడు. అలమారలోని కవర్లన్నీ విప్పినా దొరకలేదు. ఆ మాట పైకి చెబితే పరువు పోతుంది.

భూతద్దం సొంత అక్కనే నిలబెట్టి, మధ్యాహ్నం ఎక్కడున్నావని నిలదీశాడు. వంటింట్లో, నీకే కాఫీ పెడుతూ అందావిడ. కవరు మీద దొరికిన అనుమానాస్పద వెంట్రుక భూతద్దం సొంత మీసానిదేనని తేలింది. చివరికి మెదడుకు రక్తం చాలడం లేదనీ, కాస్త వ్యాయామం చేసి వస్తాననీ మేడెక్కాడు.

ఐదింటికి డ్రమ్మరు వచ్చాడు, తలంతా నెరిసి, ఇస్త్రీ చొక్కాతో. డాక్టరు క్షమాపణకు నోరు తెరిచేసరికి పైకప్పు దడదడలాడింది. వెంటనే డ్రమ్ములు. పెద్దాయన వేళ్లు కుర్చీ చేతి మీద వాటంతటవే కదిలాయి.

"ఇది నేనే" అన్నాడు మెల్లగా.

అందరూ మేడెక్కారు. బనీనుతో గెంతుతున్నాడు భూతద్దం. పక్కనే 'ఇంట్లోనే వ్యాయామం' అనే రికార్డు కవరు. ఈ నెల దాచింది అందులోనేనని డాక్టరుకు అప్పుడు గుర్తొచ్చింది.

"పోయిన వారం నీ అలమారలోంచే తెచ్చుకున్నా బావా. ఈ వ్యాయామం మాస్టారు మాట్లాడడు గానీ, ఈ నాలుగు నిమిషాలూ ఊపిరాడనివ్వడు."

రికార్డు మధ్యనున్న పేరు చదవడానికి మాత్రం చేతిలోని భూతద్దాన్ని ఆయన ఎన్నడూ వాడలేదు. అక్కగారు నవ్వాపుకోలేక, భర్త దాపరికం సంగతంతా అందరి ముందూ విప్పేసింది. డాక్టరు తల దించుకున్నాడు. డ్రమ్మరు అదేమీ వినడం లేదు. రికార్డు ప్లేయరు ముల్లును మళ్లీ మొదటికి పెడుతున్నాడు.

భూతద్దం గంభీరంగా తువ్వాలు భుజాన వేసుకున్నాడు.

"దొంగ దొరికాడు బావా. బాగా ఆయాసపడుతున్నాడు. పాటయ్యాక ప్రశ్నిద్దాం."