నాన్‌లోకల్ ఏరు

ప్రపంచంలో నదులు రెండు రకాలు: ఆఫీసు ఒప్పుకున్నవి, నీళ్లున్నవి. మన నక్కలేరు రెండో రకం.

జగ్గయ్యపేట దాటి బాగా లోపలికి పోతే, ఏటికి అవతల ఒక పేట, ఆ పేటలో ఒక బడి, ఆ బడికి ఒకే ఒక్క టీచరు జెరూషా. ఆవిడ ఉండేది ఇవతల. ఆగస్టులో ఏరు పొంగింది, పాఠాలు ఆగాయి. హాజరు యాప్‌లో కారణం వెతికితే జ్వరం ఉంది, పెళ్లి ఉంది, ఏరు మాత్రం లేదు. మ్యాపులోనూ లేదు. ఒళ్లు మండి, ఏటిని గుర్తించి వంతెన కట్టించమని అర్జీ పెట్టింది.

అది జల గుర్తింపు విభాగానికి చేరింది. (అలాంటి విభాగం ఒకటుందని అందులో పనిచేసేవాళ్లకీ అప్పుడే తెలిసింది.) పరిశీలనాధికారి భవానీప్రసాద్ గారు ముందు ఏటి చరిత్ర తవ్వారు. పుట్టింది తెలంగాణలో, కాబట్టి నాన్‌లోకల్. పైగా రాష్ట్ర సరిహద్దులోని గరికపాడు చెక్‌పోస్టు మీదుగా రాకుండా పొలాలకు అడ్డం పడి వచ్చింది. దాని నడవడిక మీద ఆయనకు అనుమానం మొదలైంది.

తర్వాత భూగోళం. ఏప్రిల్‌లో స్వయంగా విచ్చేసి, ఇసుకలో బూట్లతో అటూ ఇటూ తిరిగారు.

"ఏదమ్మా నది?"

"మీరు నించుంది అందులోనేనండి," అంది జెరూషా. "వానల్లో రండి సార్, బాగా కనపడుద్ది."

వానల్లోనూ వచ్చారు, కాదనలేం. కానీ రెండు గట్ల మీదా నిలబడి చూస్తేనే నది అని నిబంధన. రెండో గట్టుకు పోదామంటే మధ్యలో నీళ్లు. అవతల నుంచి పుల్లమ్మ, ఆ బడిలో చదివే పిల్ల తల్లి, గొంతు చించుకుంది.

"సారూ, మా పిల్లలకి చదువు చెప్పేవాళ్లు లేరండీ! వంతెన ఏయించండి!"

"వినపడట్లా, వినపడట్లా!" అని చెయ్యూపి, స్థానికులు సంతృప్తిగా ఉన్నారని రాసుకున్నారు.

చివరికి న్యాయం జరిగింది. నక్కలేరు నదేనని, అదీ ప్రమాదకరమైన నది అని ఉత్తర్వు వచ్చింది. అంత ప్రమాదం ఉన్నచోట వంతెన పనివాళ్లను దించడం అమానుషం కాబట్టి వంతెన లేదు. టీచరు రోజూ దాటడం అంతకన్నా అమానుషం కాబట్టి, అవతలి బడిని ఎత్తేసి ఇవతలి బడిలో కలిపేశారు. ఉత్తర్వు చదివి జెరూషా ఏడ్చింది.

పిల్లలు ఎలా దాటాలో కూడా ప్రభుత్వం ఆలోచించింది. వాళ్లలో ఎవరెవరికి ఈత వచ్చో కనుక్కుని పంపమని జెరూషాకు కొత్త డ్యూటీ వేసింది.