కళ్లజోడు విచారణ

ఆ రోజు పొద్దున్నే లెక్కల టీచరమ్మ గట్టి నిర్ణయం తీసుకుంది. కూతురు అదే బడిలో తొమ్మిదో తరగతి. టీచరుగారి పిల్లకి మాత్రం అన్నీ చెల్లుతాయన్న మాట చచ్చినా రాకూడదు. పిల్లలు ఆవిడకు తక్కెడ టీచరని ఊరికే పేరు పెట్టలేదు మరి! బడి క్రమశిక్షణ బాధ్యత కూడా ఆవిడదే. "చెప్పుకునేది వినకుండా ఎవరికీ శిక్ష వేయం" అని అట్ట మీద ముచ్చటగా రాసి, బడి గంట కొట్టకముందే నోటీసు బోర్డుకి తగిలించింది.

తర్వాత, లేటుగా వచ్చినవాళ్ల పేర్లు గేటు దగ్గర వాచ్‌మన్ రాసే రిజిస్టరు తెరిచింది. వారంలో మూడుసార్లు లేటైతే ఆటల పోటీలకు పంపరు. పోయినవారం జాబితాలో మొదటి పేరు చూసి ఆవిడ కళ్లజోడు సవరించుకుని మళ్లీ చదివింది. సాక్షాత్తూ కన్నకూతురు, పిచ్చుక! శనివారం రిలే పందెంలో చివరి పరుగు దానిదే. మూడు నెలలుగా దానికి వేరే ధ్యాసే లేదు.

"పోటీకి వెళ్లడానికి వీల్లేదు," అంది తల్లి, పిలిపించి.

"నేను చెప్పేది వినాలి కదా టీచర్? మీరే రాశారు!" బడిలో అమ్మా అని పిలవకూడదని ఇంట్లో ఆజ్ఞ.

విచారణకు ఇంటి పెద్ద ఒకరు ఉండాలి. తల్లి తీర్పరి అయి కూర్చుంది కాబట్టి బజార్లో దర్జీ కొట్టు నడిపే తండ్రికి చీటీ వెళ్లింది: "మీ అమ్మాయి విషయం. వెంటనే రండి."

అది చదివి ఆయన చేతిలో కత్తెర అక్కడే పడేశాడు. పిల్ల పడి కాలు విరగ్గొట్టుకుందనుకుని, మెడలో టేపుతోనే పరుగు తీశాడు. సగం కుట్టిన నల్లకోటు తొడుక్కుని సరిచూసుకుంటున్న పెద్దమనిషి, "నా కోటుకి రెండో చెయ్యేదయ్యా!" అంటూ వెంటపడ్డాడు.

గేటు దగ్గర నల్లకోటు కనబడగానే, "పిచ్చుక లాయర్ని తెప్పించిందిరోయ్!" అని కేక లేచింది. రిజిస్టరుకెక్కిన పదిహేడుగురూ తమ కేసులు చెప్పుకోడానికి ఆయన చుట్టూ మూగారు. వెనకాల వాళ్ల స్నేహితులు, స్నేహితుల వెనక పాఠం ఎగ్గొట్టాలనుకున్నవాళ్లు. హెడ్మాస్టరు చెమటలు తుడుచుకుంటూ వచ్చి ఆయనకు కుర్చీ వేయించి, చల్లటి నీళ్లు ఇప్పించి, "మా బడిలో అంతా న్యాయంగానే జరుగుతుందండీ," అన్నాడు.

తండ్రి మాత్రం పిల్ల కాళ్లు రెండూ తడిమి చూసి, "బాగానే ఉన్నాయే!" అని నేల మీద కూలబడ్డాడు.

కోటాయన పుట్టి బుద్ధెరిగాక ఇంత మర్యాద చూడలేదు. చెయ్యి సంగతి మరిచిపోయి, కాలు మీద కాలు వేసుకున్నాడు. "ఇంతకీ ఆ పిల్ల ఎందుకు లేటైందో ఎవరైనా అడిగారా?"

అందరూ పిచ్చుక వైపు తిరిగారు.

"టీచరుగారు నన్ను రెండు వీధుల అవతలే స్కూటరు మీంచి దించేస్తారండీ," అంది పిచ్చుక. "కూతుర్ని వెంటేసుకొచ్చిందని అంటారట. ఆ మూడు రోజులూ నన్ను దించాక టీచరుగారు కళ్లజోడు మరిచిపోయానన్నారు. ఇంటికి పరిగెత్తి తెచ్చాను. పోనూ రానూ రెండు కిలోమీటర్లు. అందుకే పది నిమిషాలు లేటు. ఆ కళ్లజోడుతోనే ఇవాళ నా పేరు చదివారు."

"పుస్తకాల సంచీతోనా? పది నిమిషాల్లోనా?" హెడ్మాస్టరు కళ్లు మెరిశాయి. "ఈ పిల్లని ఆపితే మనకి కప్పు ఎలా దక్కుతుంది!"

తల్లి మొహం జేవురించింది. ఎవరో ఏదో అంటారన్న భయంతో, పరాయి పిల్లని అడిగే పాటి ప్రశ్న కూడా సొంత పిల్లని అడగలేదు. కళ్లజోడు తీసి కొంగుతో తుడుచుకుంది, దాంతోపాటు కళ్లు కూడా.

"పిచ్చిమొద్దూ, ఇంట్లోనైనా చెప్పొచ్చు కదే!"

"ఇంట్లో బడి మాటలు ఎత్తొద్దన్నావుగా అమ్మా!"

శిక్ష అక్కడికక్కడే రద్దయింది. పిల్లల ఈలలతో వరండా దద్దరిల్లింది. మిగతా పదహారుగురూ, "మేమూ చెప్పుకోవాలి!" అంటూ బారులు తీరారు.

"తమరు ఏ కోర్టులో చేస్తారండీ?" హెడ్మాస్టరు చేతులు కట్టుకుని అడిగాడు.

"కోర్టేంటండీ బాబూ! నేను బ్యాండులో బాకా ఊదుతాను. ఈ దర్జీగార్ని వదిలితే నా రెండో చెయ్యి కుట్టించుకుంటాను."

శనివారం పిచ్చుక రిబ్బను తెంచుకుని దూసుకుపోతుంటే, మైదానం చివర బాకా మోగింది. ఆయన కోటుకి ఈసారి రెండు చేతులూ ఉన్నాయి. తల్లి ఎవరేమనుకుంటారో చూడకుండా, "అదిగో, నా కూతురు!" అని అరిచింది.

సోమవారం ఆవిడ కూతుర్ని గేటు దాకా దింపి, కళ్లజోడు కోసం తనే వెనక్కి వెళ్లింది. ఆ రోజు లేటు రిజిస్టరులో మొదటి పేరు తక్కెడ టీచరుది, పక్కనే ఆవిడ చేతిరాతలో "విచారణ కోరుతున్నాను" అని ఉంది.